స్తంభంలోంచి వచ్చిన బస్సు

పెడన
కార్తీక మాసం

తమ్ముడు ఉమామహేశ్‌కి,

తమ్ముడన్న మాట కొట్టెయ్యడానికి నాకు అధికారం లేదు గనక అలాగే మొదలుపెడుతున్నాను. అంతమాత్రాన శపథం సడలిందనుకోకు. గుణదలలో నువ్వు పెట్టిన ఆ కంప్యూటరు ఆటల కొట్టు మూసేదాకా నీతో మాట్లాడనని భజన మందిరంలో, రాములవారి ఎదట, మైకులో అన్నాను. అన్నాను గనక మాట్లాడను. కానీ రాయనని అనలేదు. ఈ సందు నేను కల్పించుకున్నది కాదు. మౌనం పట్టిన మునులు కూడా ఇసుకలో వేలితో రాసి శిష్యుల సందేహాలు తీర్చేవాళ్లు. ఫోనులో రాయొచ్చు గదా అంటుంది మీ వదిన. ఫోనులో రాస్తే అవతల ఠంగుమని మోగుతుంది. మోగిందంటే అది మాటే. ఉత్తరం మోగదు.

ఇక సంగతి. మందిరానికి కంప్యూటరు వచ్చింది. నీ భార్య నాగవేణికీ నా భార్యకీ మధ్య రోజూ నడిచే ఫోను రాయబారంలో ఈపాటికి నీకు తెలిసే ఉంటుంది. దానికి రెండు డబ్బాలు. చిన్న డబ్బా ఆడవాళ్ల వైపు కట్టిన తెర వెనక బల్ల మీద ఉంటుంది. పెద్ద డబ్బా సభకి ఎదురుగా స్తంభానికి తగిలించారు. నేను చెబుతుంటే తెర వెనక ఒక మనిషి మీట నొక్కుతుంది, పద్యం పెద్ద డబ్బాలో పడుతుంది, చదువు రానివాళ్లు కూడా నాతో గొంతు కలుపుతారు. మంచి ఏర్పాటే. కాదనను.

మొన్న ఏకాదశినాడు నరసింహావతారం చెబుతున్నాను. ఆ ఘట్టంలో నా గొంతు నీకు తెలుసు. రాక్షసుడు కొడుకుని నిలదీస్తున్నాడు. "ఎక్కడరా నీ హరి? చూపించు! ఈ స్తంభంలో ఉన్నాడా?" అని ఆ స్తంభం వైపు చెయ్యి చాచి గర్జించాను. సభంతా ఊపిరి బిగబట్టింది. పసిపిల్లలు కూడా ఏడుపు ఆపారు.

స్తంభంలోంచి, తమ్ముడూ, బస్సు వచ్చింది.

ఎర్ర బస్సు. కొండ మలుపు తిరుగుతూ, హారను కొట్టుకుంటూ, నేను వేలు చూపించిన చోటునించే వచ్చింది. కమిటీ పెద్ద వెంకటప్పయ్యగారు గుమ్మం బయటికి వెళ్లి నవ్వి వచ్చారు. ఆయన భార్య మాణిక్యమ్మ తెర వెనకనించి "అవతారం ఏ డిపోదండీ, అంకమ్మరావుగారూ?" అని అడిగింది. హిరణ్యకశిపుడికి కూడా అంత అవమానం జరగలేదు.

అది ఆటట. చిన్న డబ్బాలో ఆడుకోవాల్సింది పెద్ద డబ్బాలో తెరుచుకుందట. అప్పటినించీ ఎప్పుడు తెరిచినా పెద్దదాంట్లోకే దూకుతోంది. బస్సు చిన్న డబ్బాలోనే పుట్టి చిన్న డబ్బాలోనే పోవాలి. దానికి విరుగుడు రాయి. శుద్ధమైన తెలుగులో రాయి. ఇంగ్లీషు ముక్క కనబడితే ఉత్తరం చించేస్తాను.

ఆటనే పీకి పారెయ్యొచ్చు గదా అంటావు. కుదరదు. ఎందుకని అడగకు. ఎవరు ఆడుతున్నారనీ అడగకు. మీట నొక్కే మనిషి నమ్మకమైన మనిషి, ఆ మనిషిని ఎవరూ ఒక్క మాట అనడానికి వీల్లేదు.

నీతో మాట్లాడని అన్న
అంకమ్మరావు


గుణదల, విజయవాడ
డిసెంబరు

అన్నయ్యా,

నీ దస్తూరీ చూసి మొదట భయపడ్డాను, ఎవరికేమైందోనని. కొట్టు లోపలికి తీసుకెళ్లి చదివాను. బస్సు దగ్గరికొచ్చేసరికి నవ్వు ఆగలేదు. నాగవేణి పరిగెత్తుకొచ్చింది. ఆవిడకి చదివి వినిపిస్తుంటే ఆవిడ నాకంటే ముందే నవ్వడం మొదలెట్టింది. ఎందుకో నేనూ అడగను.

నువ్వు నవ్వుకోవు గానీ ఇది మా కొట్లో రోజూ ఉండే గోలే. మరియదాసుగారని, ఒకప్పుడు బస్సు నడిపిన పెద్దాయన ఒకాయన సాయంత్రం పూట వస్తారు. ఆయన ఇక్కడ చక్రం పట్టుకుని కూర్చుంటే ఆయన బస్సు పక్కవాళ్ల ముందు తెరుచుకునేది. "నా బండి ఎవడు తోలుకెళ్తున్నాడయ్యా?" అని లేచి నిలబడేవారు. సరిచేసి పెట్టాను. నీదీ సరవుతుంది.

ముందు దాని గుణం తెలుసుకో. ఆటకి జ్ఞాపకం ఉంటుంది. ఆఖరిసారి ఏ తెర మీద ఉండగా దాన్ని మూశామో, మళ్లీ ఆ తెర మీదే కళ్లు తెరుస్తుంది. లేకపోతే ఏది ప్రధాన తెర అని మనం చెబితే అక్కడికి పోతుంది. ఆ రోజు కంగారులో పెద్దదాని మీదే మూసి ఉంటారు. అదే ఇల్లనుకుంది పాపం.

కాబట్టి మొదట నీ రెండు తెరల్లో ఏది ప్రధానమో తేల్చు. అది తేలకపోతే ఏదీ తేలదు. తేలాక రెండో తెర ఊడదీసెయ్. ఏమీ కాదు, భయపడకు. రెండో తెర లేకుండా ఒకసారి అంతా మామూలుగా నడవనీ. బస్సుకి దారి అలవాటయ్యాక రెండో తెర మళ్లీ తగిలించుకో. ఇది సభ ముందు చెయ్యకు. ఎవరూ లేనప్పుడు చెయ్యి.

ఒక్క ఇంగ్లీషు ముక్క లేకుండా రాశాను, చూశావా. నీ తమ్ముణ్ణే.

శ్రీరామనవమి పల్లకీ సంగతి ఏం చేశారు? ముందు బొంగుకి కుడిపక్క నువ్వు, ఎడమపక్క నేను, మనిద్దరి భుజాలూ ఒకే ఎత్తు. కిందటేడు నా చోట సురేష్‌ని పెట్టారని, అతను పొడుగు గనక రాములవారు ఊరంతా నీ వైపు ఒరిగే తిరిగారని విన్నాను. నీ భుజం ఇంకా పట్టేసే ఉందట. నువ్వు నోటితో పిలిస్తే ఈ ఏడు వస్తాను. కాగితం మీద పిలిస్తే మాత్రం రాను. మైకులో వెళ్లగొట్టినవాణ్ణి కాగితం మీద పిలవకూడదు గదా.

వదినకి నమస్కారాలు.

ఉమా


పెడన
పుష్య మాసం

ఉమామహేశ్,

నువ్వు రాసినట్టే చేశాను. పూచికపుల్లంత తేడా లేకుండా చేశాను. ఏం జరిగిందో విను.

ఏది ప్రధాన తెరో తేల్చమన్నావు. తేల్చడానికేముంది? నైవేద్యం వేళ రాములవారి ముందు వేసేదే ప్రధానం. దాని జోలికి పోలేదు. రెండో తెర ఆడవాళ్ల వైపుది. వెంకటప్పయ్యగారి నాన్నగారి కాలంనించీ ఉన్న తెర. దాన్ని ఊడదీయమన్నావు. ఆడవాళ్ల తెరకీ బస్సుకీ సంబంధమేమిటని నాలుగు రోజులు ఆలోచించాను. బస్సుకి దారి అలవాటవ్వాలని రాశావు గదా. చిన్న డబ్బా తెర చాటున చీకట్లో ఉంది, అందుకే దారి కనబడక వెలుతురున్న పెద్ద డబ్బాలోకి పోతోంది కాబోలు, తమ్ముడికి ఈ విద్య బాగా తెలుసు అనుకున్నాను. మయుడు కట్టిన సభలో రాజులు నీళ్లని నేలనుకున్నారు, నేలని నీళ్లనుకున్నారు. యంత్రం పొరపడటంలో వింతేముంది?

ఎవరూ లేనప్పుడు చెయ్యమన్నావు. అదొక్కటీ నాకు నచ్చలేదు. తీసేది తప్పు కానప్పుడు చాటెందుకు? సభ నిండా జనం ఉండగా లేచి నిలబడ్డాను. "సభాసదులారా! మనకీ పరమాత్మకీ నడుమ మాయ అనే తెర ఉంది. అది తీయడం మన చేతుల్లో లేదు. మగవాళ్లకీ ఆడవాళ్లకీ నడుమ ఈ గుడ్డ తెర ఉంది. ఇది మన చేతుల్లో ఉంది. చేతనైనదైనా తీద్దాం!" అని కొస పట్టుకుని లాగాను. గుడ్డ పాతది. కొక్కేలతో సహా వచ్చేసింది.

తెర వెనక మీ వదిన.

ఇక దాచి ఏం లాభం? మీట నొక్కే మనిషి మీ వదినే. కళ్లజోడు ముక్కు కొసకి జారి, ఎలక డబ్బీ రెండు చేతులా పట్టుకుని, పెద్ద డబ్బాలోంచి ఎలాగో ఇవతలికి లాక్కున్న బస్సు తోలుతోంది. ఎడమ మలుపు వస్తే మనిషి మనిషంతా ఎడమకి, కుడి మలుపు వస్తే కుడికి. తెర పడిపోయిందన్న స్పృహే లేదు. సభ సభంతా ఆ మలుపులతో పాటు ఒరుగుతోంది. నేను కూడా, రాములవారి సాక్షిగా చెబుతున్నాను, ఒక మలుపు దగ్గర ఒరిగాను. కొండ దిగి బస్సు ఆగాక ఆడవాళ్లు చప్పట్లు కొట్టారు. అప్పుడు తలెత్తి చూసింది. కంగారులో ఆట మూసి, అది సరిగ్గా మూతపడిందో లేదోనని మళ్లీ తెరిచింది. మళ్లీ స్తంభంలోంచే వచ్చింది బస్సు.

తెర తీసినా రోగం పోలేదు. నీ వైద్యంలో ఏదో లోపముంది.

ఇప్పుడు తెర మళ్లీ కడదామంటే ఆడవాళ్లు కట్టనివ్వడం లేదు. గాలాడుతోందంటున్నారు. వెంకటప్పయ్యగారు నావైపు గుర్రుగా చూస్తున్నారు. ఆయన వెనకే మాణిక్యమ్మగారు చెయ్యెత్తి దణ్ణం పెడుతోంది.

మీ వదినని నేను ఒక్క మాట అనలేదు. పెళ్లైన దగ్గరినించీ ఆవిణ్ణి ఏ కొండా ఎక్కించలేదు. మగ్గం, మందిరం, ఇంతే. పోనీలే, తోలుకోనీ. అవతారం టైములో మాత్రం వద్దన్నాను.

పల్లకీ గురించి రాశావు. దానికి శపథం అడ్డముంది.

అంకమ్మరావు

(ఈ పక్క ఖాళీలో నేను రాస్తున్నా ఉమా. మీ అన్నయ్య అంటించబోతుంటే లాక్కున్నా. నేను చెవులు ఆయనకే ఇచ్చాను, చేతులే బస్సుకిచ్చాను. ఆయన ఏ పద్యం ఎక్కడ ఆపుతారో నిద్రలో కూడా చెప్తా, మీట ఒక్కసారి తప్పు నొక్కలేదు. ఘాట్‌రోడ్డు దిగేటప్పుడు బ్రేకు తొక్కకూడదు, గేరు దించాలి అని మరియదాసుగారు చెప్పారని నాగవేణి చెప్పింది, ఆయనకి నా దణ్ణాలు. ఇంకోమాట. ఈయన పొద్దున్నే లేచి నీ మగ్గం మీద దుప్పటి దులుపుతున్నారు. నేను చెప్పానని అనకు. రావమ్మ వదిన.)


గుణదల, విజయవాడ
ఫిబ్రవరి

అన్నయ్యా,

మానిటర్! మానిటర్, అన్నయ్యా! నేను తెర అన్నది డబ్బాని. ఇంగ్లీషు ముక్క రాయొద్దంటివి గదా అని మానిటర్ అనే మాట మింగి తెర అని రాశాను. నువ్వు ఊరి తెర ఊడబీకావు. వెంకటప్పయ్యగారికి నా తరఫున క్షమాపణ చెప్పు. మాణిక్యమ్మగారికి చెప్పక్కర్లేదనుకుంటా.

ఇక్కడ మేరీమాత తిరునాళ్ల. కొండ కింద రోడ్డంతా జనం. మరియదాసుగారు తలనీలాలిచ్చి నున్నటి గుండుతో కొట్టుకొచ్చి, తెర కథ విని, స్టీరింగు వదిలేసి మరీ నవ్వారు.

ఈసారి ఇంగ్లీషు ముక్కలుంటాయి. చించెయ్యకుండా వదిన చేతికియ్యి. వదినా, కంప్యూటర్లో బొమ్మలేవీ లేని ఖాళీ చోట మౌస్ కుడివైపు మీట నొక్కితే డిస్‌ప్లే సెట్టింగ్స్ అని వస్తుంది. అందులో ఒకటి, రెండు అని రెండు గళ్లుంటాయి. చిన్న మానిటర్ ఏ గడో చూసుకుని దాన్ని పట్టుకో. కిందకి వెళ్తే ఇదే మెయిన్ డిస్‌ప్లే అని పెట్టుకునే చోటుంటుంది, అక్కడ టిక్కు పెట్టు. తర్వాత బస్సు తెరువు. అప్పటికీ స్తంభంలోకే పోతే ఆల్ట్, ఎంటర్ కలిపి నొక్కు. ఆట కిటికీ అంత చిన్నదవుతుంది. పైన పట్టీ పట్టుకుని చిన్న మానిటర్లోకి లాక్కొచ్చి, అక్కడే ఉంచి, అక్కడే పద్ధతిగా మూసెయ్. మళ్లీ తెరిస్తే అక్కడే తెరుచుకుంటుంది. మెయిన్ మారింది గనక పద్యాలు ఏ మానిటర్లో పడాలో మళ్లీ ఒకసారి చెప్పాల్సి రావచ్చు. అది నీకు అలవాటే.

ఇక నీతో, అన్నయ్యా.

వదినే ఆడుతోందని నాకు మొదటినించీ తెలుసు. ఆ ఆట పంపింది నాగవేణే. నువ్వు వదిన పేరు రాకుండా ఎంత జాగ్రత్తపడ్డావో, నేనూ అంతే పడ్డాను. ఒక్క మనిషిని దాచడానికి అన్నదమ్ములిద్దరం ఇన్ని కాగితాలు ఖర్చుపెట్టాం. ఆవిడేమో హాయిగా కొండ దిగుతోంది.

నవ్వుతూనే రాద్దామనుకున్నాను. కానీ ఒక సంగతి లోపలే ఉండిపోతోంది.

కిందటి నెల నువ్వు పాదుకల ఘట్టం చెప్పావట. తమ్ముడు అడవిలో అన్నగారి పాదుకలు నెత్తిన పెట్టుకునే చోట నువ్వు ఏడ్చేశావట, సభంతా ఏడ్చిందట. వదిన ఆ వీడియో నాగవేణికి పంపింది. నాగవేణి నాకు చూపించింది. "తమ్ముడంటే వాడండీ, అన్నంటే ఆయనండీ! ఇవాళ మన ఇళ్లలో ఉన్నారా?" అని అడిగావు. ఎవర్ని అడిగావు అన్నయ్యా? మాణిక్యమ్మగారినా? సురేష్‌నా?

నువ్వూ ఆ బస్సులాంటివాడివే. నా ముందు తెరుచుకోవాల్సిందంతా సభ ముందు తెరుచుకుంటావు. కోపమొచ్చినా అక్కడే. ఆ రోజు "కలి పురుషుడు గుణదలలో కొట్టు పెట్టాడు, వాడు నా తమ్ముడే" అని మైకులో అన్నప్పుడు నాగవేణి అమ్మానాన్నా ముందు వరసలో ఉన్నారు. అది ఇంట్లో అని ఉంటే ఇద్దరం అరుచుకుని, వదిన మజ్జిగ పోస్తే తాగేసేవాళ్లం. ప్రేమొచ్చినా అక్కడే. నా కోసం ఏడిస్తే నూరుమంది చూశారు. నేను ఫోనులో చూశాను.

కొట్టు మూయను. మగ్గం మీద నీ చేతికున్న నిలకడ నా చేతికి లేదు, నీకూ తెలుసు. ఇక్కడ నాకు పని చాతనవుతోంది. ఇక్కడికొచ్చేవాళ్లు రాక్షసులు కారు. పగలంతా కోచింగులో తిట్లు తిని సాయంత్రం కాసేపు నవ్వుకోవడానికొస్తారు. మరియదాసుగారు చేతులు ఊరుకోక వస్తారు.

నవమికి పిలుస్తావా, లేదా? నోటితో.

ఉమా


పెడన
ఫాల్గుణ మాసం

ఉమామహేశ్,

మీ వదిన నువ్వు రాసినట్టు చేసింది. బస్సు చిన్న డబ్బాలోనే పుట్టి చిన్న డబ్బాలోనే పోతోంది. పద్యాలు పెద్దదాంట్లో పడుతున్నాయి. యంత్రం బాగుంది.

నేను బాగా లేను. నీ ఉత్తరం చదివి పొయ్యిలో పెట్టబోయి పెట్టలేదు. మొన్న శనివారం మళ్లీ పాదుకల ఘట్టం వచ్చింది. మీ వదిన మీట నొక్కింది, పద్యం పడింది, సభ నావైపు చూస్తోంది. ఈ మాట నేను ఎవరితో అంటున్నాను అన్న ఆలోచన వచ్చిందంటే ఇక ప్రవచనం సాగదు. ఆ ఘట్టం వదిలేసి సముద్రం మీద వారధిలోకి దూకాను. ఎవరూ అడగలేదు. మాణిక్యమ్మగారు మాత్రం "మధ్యలో ఒక అడవి పోయిందేంటండీ?" అంది.

ఆ రోజు మైకులో అన్నది తప్పే. నాగవేణి అమ్మానాన్నా అక్కడున్నారని చూసుకోలేదు. చూసుకున్నా ఆగేవాణ్ణో కాదో.

కానీ నా ఇబ్బంది కూడా చూడు. నేను చదువుకున్నవాణ్ణి కాను. మగ్గం గుంటలో కూర్చుని, పక్కన పుస్తకం పెట్టుకుని, అక్షరం అక్షరం కూడబలుక్కుని నేర్చుకున్నాను. నా మాట జనం ఎందుకు వింటున్నారు? అంకమ్మరావు అన్నాడంటే అంటాడు, చేస్తాడు, అందుకని. మాట కోసం రాజ్యం వదిలినవాడి కథ చెప్పే నోటితో, ఆయన ఎదటే చేసిన శపథం తప్పితే, మర్నాడు ఏ ముఖం పెట్టుకుని మైకు పట్టుకుంటాను? నాకు ఉన్నది ఆ ఒక్క నోరేగదరా. నువ్వు కొట్టు మూయవు. నేను మాట్లాడలేను. ఇద్దరిలో ఎవరు తప్పో శాస్త్రంలో వెతికాను. దొరకలేదు.

కాగితం మీద పిలుస్తున్నాను. రా. ఇది మాటకంటే తక్కువ కాదు.

అన్నయ్య


గుణదల, విజయవాడ
మార్చి

అన్నయ్యా,

తక్కువే. రాములవారికి పద్యాలు కాగితం మీద రాసి హుండీలో వేస్తున్నావా? గొంతెత్తి చెబుతావు.

నీ శపథం నీకు పెద్దదైతే నిలుపుకో. నీ ఒక్క నోరు నీకెంతో, నాకూ అంతే. ఆ నోటినించి నా పేరు ఆఖరిసారి వచ్చింది తిట్టుగా వచ్చింది. అది అలాగే ఉండిపోయింది. ఎన్ని ఉత్తరాలు వచ్చినా అది చెరగడం లేదు.

సురేష్‌ని మోకాళ్లు కాస్త వంచి నడవమను, నీ భుజానికి బరువు తగ్గుతుంది. నవమి రోజున నేను కొట్టు తెరిచే ఉంచుతాను.

కంప్యూటరు బాగైంది గదా. ఇక రాయాల్సిన పని కూడా లేదు.

ఉమామహేశ్


గుణదల, విజయవాడ
ఏప్రిల్

అన్నయ్యా,

ఫోనులో మాట్లాడుకుంటున్నాం గదా, ఇంకా ఉత్తరాలేంటి అంటుంది నాగవేణి. మాట్లాడుతున్నంతసేపూ నువ్వే మాట్లాడతావు, నాకు సందు దొరకడం లేదు. అందుకని ఇది.

నవమికి ముందురోజు నువ్వొచ్చినప్పుడు జరిగిందంతా నీకు తెలియదు. నీ వైపు సగమే తెలుసు. నా సగం చెబుతాను.

సాయంత్రం, కొట్టు నిండుగా ఉంది. అందరి చెవులకీ హెడ్‌ఫోన్లు. నేను మూల మానిటర్ దగ్గర గుమ్మానికి వీపు పెట్టి కూర్చున్నాను. ఒక కారు పందెం ఆట తప్పు మానిటర్లో తెరుచుకుంటుంటే దాన్ని ఇవతలికి లాగుతున్నాను. నా చెవులకీ హెడ్‌ఫోన్లే, చెవుల్లో కార్ల రొద. నువ్వు గుమ్మంలోకి వచ్చావు. నుదుట బొట్టు, భుజాన మందిరం కండువా, చేతిలో సంచీ. ఇది నేను చూడలేదు, మరియదాసుగారు చెప్పారు. ఆయన ఒక్కరే హెడ్‌ఫోన్లు పెట్టుకోరు, చెవులు నొక్కుతాయని. నువ్వు గుమ్మంలో నిలబడి, చెయ్యి పైకెత్తి, మందిరం దద్దరిల్లే ఆ గొంతుతో ఏదో అన్నావట. చాలాసేపు అన్నావట.

ఎవరూ తల తిప్పలేదు. నీ జన్మలో మొదటిసారి అనుకుంటాను, అన్నయ్యా. అంతమంది జనం, అంత గొంతు, ఒక్కరికీ వినబడలేదు. నువ్వు ఎత్తిన చెయ్యి అలాగే ఉంచి చుట్టూ చూశావట. ఆ చెయ్యిని ఏం చెయ్యాలో తెలియక తల నిమురుకున్నావట.

అప్పుడు కుర్చీల మధ్యనించి, వైర్లు తొక్కకుండా పంచె ఎత్తిపట్టుకుని, నా దాకా వచ్చావు. నా కుడి చెవి మీదనించి ఎవరో హెడ్‌ఫోను ఎత్తారు. కస్టమరేమో అనుకుని "ఒక్క నిమిషమండీ" అన్నాను. చెవి దగ్గర మెల్లగా, గొంతు లేని మనిషిలా అన్నావు.

"రారా."

అంతే అన్నావు. నీ నోటినించి అంత చిన్న మాట నేనెప్పుడూ వినలేదు. వెనక్కి తిరగడానికి నాకు కాస్త సమయం పట్టింది. కళ్లు తుడుచుకున్నానని నువ్వనుకుని ఉంటావు. ఆ ఆట సేవ్ చేస్తున్నాను. సరే, రెండూ చేశాను.

నవమి సంగతి అందరికీ తెలుసు గానీ ఒక ముక్క రాయాలి. పల్లకీ ఎత్తేముందు నువ్వు మైకు పట్టుకుని "శపథం తప్పాను. కొట్టు మూయకుండానే తమ్ముడితో మాట్లాడాను. మాట తప్పినవాడి నోటినించి వినలేమంటే ఇప్పుడే దిగిపోతాను" అన్నావు. వెంకటప్పయ్యగారు గొంతు సవరించుకున్నారు. ఈలోగా తెర లేని ఆడవాళ్ల వైపునించి మాణిక్యమ్మగారు "దిగడమెందుకండీ! ఆ మిగిల్చిన అడవి ముందు చెప్పండి, కాళ్లు పీక్కుపోతున్నాయి" అంది. నువ్వు చెప్పావు. ఈసారి ఏడవలేదు. సభ కూడా ఏడవలేదు. పక్కన నిలబడ్డ నావైపు ఒకటి రెండుసార్లు చూసి, కథ చెప్పినట్టు చెప్పేశావు. నువ్వు చెప్పినవాటిలో అదే చప్పగా ఉందని సురేష్ అన్నాడు. నాకు అదే బాగుంది.

రాములవారు నిటారుగా తిరిగారు.

అసలు అడగాల్సింది ఒకటుంది. గుమ్మంలో నిలబడి మొదట ఏమన్నావు? మరియదాసుగారిని ఎంత అడిగినా చెప్పరు. గుండు మీద మొలిచిన జుట్టు తడుముకుని నవ్వుతారు. "మీ అన్నగారినే అడగండి" అంటారు. తిట్టావా? దీవించావా? శ్లోకమా? చెప్పకపోతే నాకు నిద్ర పట్టేలా లేదు.

ఉమా


పెడన
వైశాఖ మాసం

ఉమా,

చెప్పను.

అది సభకి అన్న మాట. నీకు అన్నది నీకు వినబడింది గదా.

అన్నయ్య